తొక్కనా?

లాండ్రీ షెడ్డులో అన్నిటికంటే పెద్ద గొంతు ఇస్త్రీ రోలర్‌ది. దాని తరవాతి గొంతు పెడలక్కది.

"తొక్కనా?" అని అరుస్తుంది ఆవిడ, కాలు పెడల్ మీద ఆనించి.

"తొక్కు!" అంటుంది రోలర్ అవతలి చివర నుంచి వదిన, చేతులు వెనక్కి లాక్కుని.

అప్పుడు ఆ కాలు కిందికి దిగుతుంది. ఆసుపత్రి దుప్పటి తడితడిగా రోలర్ కిందికి వెళ్ళి, వెనకవైపు పొడిగా, వేడిగా బయటికొస్తుంది. అక్కడ ఇంకో ఇద్దరు దాన్ని అందుకుని మడతపెడతారు. ఈలోపల ఇవతల ఇంకో దుప్పటి, ఇంకో "తొక్కనా?", ఇంకో "తొక్కు!" రోజుకి నాలుగు వందల దుప్పట్లు. పదకొండేళ్ళుగా ఇదే పాట, పాడేది ఈ ఇద్దరే.

రోలర్ ముందు గార్డు అని ఒక సన్నటి కమ్మీ ఉంటుంది. పొరపాటున చెయ్యి లోపలికి పోతుంటే ఆ కమ్మీకి తగలాలి, తగిలితే రోలర్ టక్కున ఆగిపోవాలి. ఆగుతుంది, కాదనడానికి లేదు. చెయ్యి తగిలినా ఆగుతుంది, దుప్పటి అంచు కుట్టు తగిలినా ఆగుతుంది, దగ్గర్లో ఎవరైనా గట్టిగా తుమ్మినా ఆగుతుందేమోనని వదిన అనుమానం. ఆగినప్పుడల్లా గోడ దగ్గరికి వెళ్ళి మీట నొక్కి రావాలి. అలా పనిచేస్తే సాయంత్రానికి నాలుగు వందలు కాదు కదా, రెండు వందలు కూడా కావు. అందుకని రోజూ పొద్దున్నే పెడలక్క చేసే మొదటి పని, చిరిగిన దుప్పటి నుంచి చించిన పేలికతో ఆ కమ్మీని పైకెత్తి కట్టెయ్యడం. ఈ సంగతి సూపర్‌వైజరుకి తెలుసు. తెలిసినా ఆయన కళ్ళు ఆ పక్కకి తిరగవు. కమ్మీ నోరు కట్టేశాక మనిషి నోరు తెరవక తప్పదు కాబట్టి ఆ కేక పుట్టింది. అడగకుండా తొక్కకూడదు, జవాబు రాకుండా తొక్కకూడదు. ఇది ఏ గోడ మీదా రాసిలేదు, వాళ్ళిద్దరి మధ్య ఉన్న కట్టు.

వదిన ఎవరికి వదిన అంటే, ఎవరికీ కాదు. ఆవిడ కనబడ్డ ఆడవాళ్ళందరినీ "వదినా" అని పిలుస్తుంది. ఆ పిలుపు తిరిగి ఆవిడకే అంటుకుంది. యజమాని కూడా ఒకసారి నోరుజారి వదినా అన్నాడని చెప్పుకుంటారు.

ఆ సోమవారం మధ్యాహ్నం భోజనాల వేళ షెడ్డంతా ఒక్కసారిగా నవ్వు లేచింది. పదిమందీ పది చోట్ల కూర్చుని ఉన్నారు. ఎవరూ ఏమీ అనలేదు, ఎవరి ఫోన్లో వాళ్ళు తలలు దించుకునే ఉన్నారు. అయినా అందరూ ఒకేసారి నవ్వారు. డబ్బా మూత తీస్తున్న పెడలక్క చెయ్యి ఆగిపోయింది.

"ఏమైంది?" అంది.

"అబ్బే, ఏం లేదక్కా. గ్రూపులో పెట్టారు," అంది ప్యాకింగు పిల్ల, కళ్ళు తుడుచుకుంటూ. దుప్పట్ల కట్టలకి కవర్లు తొడిగి అతికించేది ఆ పిల్లే, 'మనమంతా' అనే ఆ గ్రూపు పెట్టిందీ ఆ పిల్లే. పేరు చూస్తే 'మనమంతా', లెక్కలో ఇద్దరు తక్కువ. పెడలక్కదీ వదినదీ నొక్కుడు బటన్ల ఫోన్లు.

ఆ ఇద్దరు తక్కువ కావడం వల్లే కిందటి వారం బాయిలర్ మరమ్మతు రోజున, పొద్దున్నే ఆరింటికి మూసిన గేటు ముందు నిలబడాల్సి వచ్చింది. సెలవని గ్రూపులో చెప్పారట. ఆదివారం అందరూ చెరువు దగ్గరికి షికారు వెళ్ళారట. అదీ గ్రూపులోనే అనుకున్నారట.

"పోనిద్దూ వదినా. మనం లేకపోతే చెరువు ఎండిపోయిందా?" అని వదిన తినసాగింది.

వదినకి నిజంగానే పట్టలేదు. పెడలక్కకి పట్టింది. తను లేనిచోట తన గురించే అనుకుంటారని మనిషికో అనుమానం ఉంటుంది. ఆవిడకి అంతకంటే పెద్ద అనుమానం వచ్చింది. తన గురించి అసలేమీ అనుకోరేమో!

*

మంగళవారం కూతురు తన పాత ఫోన్‌ని తల్లి చేతిలో పెట్టింది. అద్దం మీద ఒక మూల నుంచి ఇంకో మూలకి పగులు.

"ఇన్నాళ్ళూ వద్దన్నావుగా. ఇప్పుడెందుకే అంత ఆత్రం?" అంది కూతురు, తన కొత్త ఫోన్ నుంచి తల ఎత్తకుండా.

"నలుగురితో పాటు నారాయణా," అంది తల్లి.

ప్యాకింగు పిల్ల నిమిషంలో గ్రూపులో చేర్చేసింది. "వచ్చేశావా అక్కా! ఇంక చూస్కో!" అంది. పెడలక్క చూసుకుంది. బస్సులో చూసుకుంది, స్టవ్ ముందు చూసుకుంది, పడుకునేముందు చూసుకుంది. చెరువు ఫొటోలు వెనక్కి జరుపుకుంటూ వెళ్ళి మొదటిదాకా చూసింది. బట్టలు పిండే మనిషి నీళ్ళలో కాళ్ళు పెట్టుకుని కూర్చున్నాడు. వెనక మడతలు వేసే ఇద్దరు ఒకరి భుజం మీద ఒకరు చెయ్యి వేసుకున్నారు. రోజూ చూసే మొహాలే, కానీ ఇన్నేళ్ళలో వాళ్ళు అలా నవ్వడం తను చూడలేదు. అరచేతిలో వైకుంఠం చూపించినట్టుంది. చూపించారు సరే, లోపలికి దారేదీ?

బుధవారం పొద్దున కూతురి చేత ఒక పువ్వు బొమ్మ వెతికించి, "అందరికీ శుభోదయం" అని పెట్టింది. బొమ్మ కింద రెండు గీతలు నీలంగా మారాయి. అంటే అందరూ చూశారని కూతురు చెప్పింది. పద్దెనిమిది మంది చూశారు. ఒక్కరూ ఏమీ అనలేదు. అయిదు నిమిషాల తరవాత ఎవరో పిల్లి గోడ మీంచి పడిపోయే వీడియో పెడితే ఇరవై రెండు నవ్వుబొమ్మలు పడ్డాయి. పెడలక్క లెక్కపెట్టింది. పద్దెనిమిది మందికి ఇరవై రెండు. కొందరికి నవ్వు ఆగక రెండేసి పెట్టినట్టున్నారు.

సాయంత్రం ఇంకో బొమ్మ పెట్టింది. మళ్ళీ నీలం గీతలు, మళ్ళీ నిశ్శబ్దం. తను ఏదో తప్పుగా రాసిందా అని నాలుగుసార్లు చదువుకుంది. పదకొండేళ్ళుగా ఆవిడ కేక వేస్తే జవాబు రాని క్షణం లేదు. ఇప్పుడు నోరు తెరిచినా పలికేవాళ్ళు లేరు. ఆ రాత్రి ఆవిడకి సరిగ్గా నిద్ర పట్టలేదు. చెప్పుకోవడానికి సిగ్గుపడాల్సినంత చిన్న విషయం, అయినా మనసు చాలా నొచ్చుకుంది.

గురువారం ఫోన్‌ని ఏప్రన్ జేబులో వేసుకునే రోలర్ దగ్గరికి వచ్చింది. పేలిక కట్టింది. ఆవిరి వదిలారు. పది గంటల వేళ జేబులో ఫోన్ అదిరింది. ఎవరో ఏదో అన్నారు. తన పేరు ఉందేమో! చెయ్యి జేబు మీదికి వెళ్ళింది, మనసు జేబులోకి వెళ్ళింది, కాలు దానంతటదే కిందికి దిగింది.

"వదినా!"

అది "తొక్కు" కాదు. పెడలక్క కాలు తీసేసింది. రోలర్ చప్పుడు కాస్త తగ్గింది. అవతల వదిన కుడిచేతిని ఎడమచేత్తో పట్టుకుని నిలబడి ఉంది. వేళ్ళకి తొడుక్కునే గుడ్డ తొడుగుల్లో ఒకటి దుప్పటితో పాటు రోలర్ కింద ఇరుక్కుని, అంచు పొగలు కక్కుతోంది. మాడిన గుడ్డ వాసన వచ్చింది.

"వేలు..." అంది పెడలక్క.

వదిన చెయ్యి పైకెత్తి చూపించింది. అయిదు వేళ్ళూ ఉన్నాయి. చూపుడువేలి చివర ఎర్రబడింది.

"అడగలేదు నువ్వు," అంది వదిన.

"పొరపాటైంది వదినా."

"పదకొండేళ్ళలో మొదటిసారి."

వదిన ఇరుక్కున్న తొడుగు లాగి పారేసింది. కొత్త తొడుగు తొడుక్కుంది. తరవాత గంటసేపు వదిన "తొక్కు" అన్నప్పుడల్లా ఆ మాటకి ముందు చిన్న ఆలస్యం ఉంది. చేతులు ఇదివరకటి కంటే ఒక జానెడు ఎక్కువ వెనక్కి తీసుకుంటోంది. దానికి పెడలక్క ఏడవలేకపోయింది, నవ్వలేకపోయింది.

*

మధ్యాహ్నం ఆ బరువు దింపింది వదినే. భోజనం చేసి వచ్చాక ఎవరూ లేకుండా చూసి, దిండు గలీబు తలకి టోపీలా తొడుక్కుని, ఒక చెయ్యి నడుము మీద పెట్టుకుని, ఇంకో చేత్తో లేని పెన్నుని ఆడిస్తూ రోలర్ ముందు అటూ ఇటూ నడిచింది. అచ్చం సూపర్‌వైజరు నడకే. మడమలు నేలకి ఆనకుండా, పొట్ట ముందు, తను వెనక.

"ఇదేంటమ్మా, ఇది దుప్పటా, దేశపటమా? మడతలెన్ని, మరకలెన్ని? ఇలా అయితే కంపెనీ ఏమైపోవాలి, నేనేమైపోవాలి?"

పెడలక్క కడుపు పట్టుకుని నవ్వింది. పొద్దుటి భయం కూడా ఆ నవ్వుతో పాటు వెళ్ళిపోయింది. నవ్వుతూ నవ్వుతూ ఫోన్ తీసింది.

"ఇంకోసారి వదినా, ఒక్కసారి!"

"ఎందుకే?"

"నాకోసం."

వదిన ఇంకోసారి నడిచింది. ఈసారి ఇంకా బాగా నడిచింది. చివర్లో రోలర్‌కి సలాం కొట్టింది.

పెడలక్క ఆ వీడియోని రెండుసార్లు చూసుకుంది. వదిన మొహం చూసింది, నడక చూసింది, గలీబు చూసింది. వెనక గార్డు కమ్మీకి కట్టిన తెల్లటి పేలిక, రెండు ముళ్ళతో సహా, పట్టపగల్లా కనబడుతోంది. అది ఆవిడ కంటికి ఆనలేదు. రోజూ కట్టే చేతికి పేలిక వేరు, మెషీను వేరు అని తోచదు. రోలర్‌కి చక్రం ఎలాగో, పేలికా అలాగే. అది ఉండాల్సిన చోటే ఉంది.

గ్రూపులో పెట్టింది. ఫోన్ ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది.

నీలం గీతలు పడ్డాయి. తరవాత ఒక నవ్వుబొమ్మ. తరవాత మూడు. తరవాత లెక్కపెట్టలేనన్ని. "పెడలక్కా, చంపేశావు!" "ఇన్నాళ్ళూ ఎక్కడ దాచావు ఈ టాలెంటు?" "వదిన సూపరో సూపరు!" షెడ్డు ఆ మూల నుంచి ఈ మూల దాకా నవ్వులు లేచాయి. ఈసారి ఆ నవ్వు ఎందుకో ఆవిడకి తెలుసు. ఆ నవ్వు ఆవిడదే. ప్యాకింగు పిల్ల పరిగెత్తుకొచ్చి మెడ చుట్టూ చేతులు వేసింది.

"ఆదివారం కొండ దగ్గరికి వెళ్తున్నాం. నువ్వు రాకపోతే ఊరుకోను!"

ఆ సాయంత్రం బస్సులో పెడలక్క కిటికీ పక్కన కూర్చుని తనలో తను నవ్వుకుంది. అంత సంతోషంగా ఉన్నానని చెప్పడానికి కూడా ఇప్పుడు ఒక చోటు ఉంది.

శుక్రవారం పొద్దున కూతురు కాఫీ గ్లాసు చేత్తో పట్టుకుని వచ్చింది. "అమ్మా, ఇది మీ లాండ్రీయే కదూ? ఎవరో నెట్‌లో పెట్టారు. ఎనిమిది వేలమంది చూశారు." తల్లికి గుండె ఉప్పొంగింది. ఎనిమిది వేలమంది! కింద రాసినవి కూతురు చదువుతూ పోయింది. "భలే నడక... ఎవరీ అత్త... నవ్వలేక చచ్చాం..." తరవాత ఒకచోట ఆగింది.

"'వెనక ఆ మెషీనుకి కట్టిన గుడ్డ ఏంటి?' అని ఎవరో అడిగారు. దానికే చాలామంది జవాబులు రాశారు."

"ఏ గుడ్డ?" అంది పెడలక్క. నిజంగానే ఆవిడకి అర్థం కాలేదు. ఫోన్ దగ్గరికి తీసుకుని చూసింది. ఈసారి పేలిక కనబడింది.

లాండ్రీకి వెళ్ళేసరికి రోజూ రోలర్ పక్కన వేలాడే పేలిక లేదు. కమ్మీ కిందికి దిగి ఉంది. తొమ్మిదింటికి యజమాని కారు వచ్చింది. దుప్పట్లు పంపే ఆసుపత్రి వాళ్ళలో ఎవరో ఆ వీడియో చూసి ఫోన్ చేశారట. సూపర్‌వైజరు గది మేడ మీద ఉంటుంది, అద్దాల గది, అక్కడి నుంచి షెడ్డంతా కనబడుతుంది. వదినని పైకి పిలిచారు.

పెడలక్క రోలర్ దగ్గరే నిలబడింది. అద్దాల వెనక వదిన వీపు కనబడుతోంది. సూపర్‌వైజరు చెయ్యి ఊగుతోంది. ఒకసారి వదిన తల అడ్డంగా ఆడింది. ఇంకోసారి ఆడింది. వెళ్ళి చెప్పాలి అనుకుంది పెడలక్క. మెట్లు ఇరవై అడుగుల దూరంలో ఉన్నాయి. అనుకుంటూనే ఉంది. జేబులో ఫోన్ అదరలేదు. నిన్నటి నుంచి ఆగకుండా మోగిన గ్రూపు తేలు కుట్టిన దొంగలా కిమ్మనడం లేదు.

వదిన కిందికి దిగింది. గోడ మేకుకి తగిలించిన తన డబ్బా సంచీ తీసుకుంది. వేళ్ళ తొడుగులు తీసి, రెండూ జతచేసి, అదే మేకుకి తగిలించింది. పెడలక్క వైపు చూసింది. కోపం లేదు ఆ చూపులో. ఎవరో పరాయి ఊళ్ళో దారి అడగబోయి మానేసినట్టు చూసింది, అంతే. గేటు దాటి వెళ్ళిపోయింది.

"మెషీను భద్రతకి భంగం కలిగించినందుకట," అని ఎవరో గొణిగారు.

*

శనివారం సాయంత్రం పెడలక్క వదిన ఇంటికి వెళ్ళింది. రెండు వీధుల అవతల, ఒక్క గది, వెనక వంటకి చిన్న వసారా. గదిలో సగం మంచమే. మంచం మీద వదిన అత్తగారు, మూడేళ్ళుగా లేవలేని మనిషి. ఆ మందులకీ ఈ ఇంటికీ వదిన రెక్కలే ఆధారం.

"సరిగ్గా వచ్చావు. పట్టు," అంది వదిన. పలకరింపు అదే.

ముసలావిడ కింద దుప్పటి మార్చాలి. ఇద్దరూ చెరో పక్కా నిలబడ్డారు. వదిన అత్తగారిని మెల్లగా ఒక పక్కకి ఒత్తిగిలించి పట్టుకుంటే, పెడలక్క పాత దుప్పటి చుట్టి లాగి, కొత్త దుప్పటి సగం పరిచింది. తరవాత రెండో పక్క. కొసలు లాగి అంచులు సరిచేశారు. ఒక్క ముడత లేదు. పని చేస్తున్నంతసేపూ మాటలు అవసరం రాలేదు. దుప్పటి అయిపోయింది, చేతులు ఖాళీ అయ్యాయి.

"నా వీడియో అంట, ఊరంతా చూసింది, నేను తప్ప," అంది వదిన. "ఏదీ, చూపించు."

పెడలక్క ఫోన్ తీసి ఇచ్చింది. వదిన మంచం అంచున కూర్చుని, ఫోన్ దూరంగా పట్టుకుని చూసింది. చూస్తూ చూస్తూ నవ్వేసింది.

"అమ్మో, అచ్చం వాడే! అత్తా, చూడు, నీ కోడలు సినిమాల్లోకి వెళ్ళిపోవచ్చు." ముసలావిడ కూడా బోసినోరు తెరిచింది. "ఇంకోసారి పెట్టు వదినా," అంది వదిన.

రెండోసారి చూసేటప్పుడు నవ్వు సగంలో ఆగింది. వదిన వేలు, చివర ఇంకా ఎర్రగా ఉన్న ఆ చూపుడువేలు, అద్దం మీద ఒకచోట ఆనింది. బొమ్మ కదలకుండా ఆగిపోయింది.

"ఇదే కదూ పేలిక."

"అవును. నేను కట్టిందే."

"తెలుసులే."

వసారాలో కుళాయి చుక్కలు పడుతున్నాయి.

"పైన నన్ను అడిగారు, ఎవరు కట్టారని," అంది వదిన.

"ఏం చెప్పావు?"

"నేను కాదన్నాను. ఎవరో తెలియదన్నాను. ఇంక నమ్మాలా మానాలా, వాళ్ళిష్టం." ఫోన్ వైపే చూస్తూ అడిగింది. "నిన్నేమీ అడగలేదా?"

"అడగలేదు."

"అడిగితే?"

అడిగితే చెప్పేదాన్ని అని పెడలక్క అనలేకపోయింది. ఎందుకంటే అడక్కుండా చెప్పడానికి ఆవిడకి రెండు రోజులు ఉన్నాయి, ఇరవై అడుగుల దూరంలో మెట్లున్నాయి. మేడెక్కితే తన పని పోతుంది, గ్రూపు పోతుంది, ఆదివారం కొండ పోతుంది. ఈ మూడింటిలో ఏది తన కాళ్ళని పట్టుకుందో తనకి తెలుసు. తెలిసినందుకే సిగ్గుతో తల ఎత్తలేకపోయింది.

వదిన చేతిలో ఫోన్ అదిరింది. ఒకటి, రెండు, మూడు. వదినకి చదవడం వచ్చు. నెమ్మదిగా పైకి చదివింది. "'పెడలక్కా, రేపు పొద్దున్నే ఎనిమిదింటికి. మళ్ళీ ఇలాంటి వీడియో ఒకటి పెట్టు, ఎవరిదైనా సరే.'"

ఫోన్ తిరిగి ఇచ్చేసింది. "వెళ్ళిరా వదినా. అత్తకి తిండి పెట్టే వేళైంది," అంది.

ఆదివారం పెడలక్క కొండకి వెళ్ళలేదు. పొద్దుట నుంచి సాయంత్రం దాకా ఫొటోలు వస్తూనే ఉన్నాయి. ఒక్కటీ తెరవలేదు. ఆవిడ ఎందుకు రాలేదని ఒక్కరూ అడగలేదు.

*

సోమవారం ఏడింటికి, ఆవిరి వదలకముందే, పెడలక్క మేడ మెట్లు ఎక్కింది. సూపర్‌వైజరు బల్ల మీద కాగితాలు సర్దుకుంటున్నాడు.

"సార్, ఆ పేలిక కట్టింది నేను. వదిన కాదు."

ఆయన తల ఎత్తలేదు. "నాకు తెలుసమ్మా."

"తెలుసా?"

"పదకొండేళ్ళ నుంచి ఇక్కడే కూర్చుని చూస్తున్నాను, నాకు తెలియదా? ఎవరో ఒకర్ని తీసేశామని ఆసుపత్రి వాళ్ళకి చెప్పాలి. వీడియోలో ఉన్నది ఆవిడ. నీ మొహం అందులో లేదు. అదృష్టవంతురాలివి." కాగితాలు పక్కన పెట్టాడు. "శనివారం వాళ్ళొచ్చి చూశారు, గార్డు దించి ఉంది, బాగుందన్నారు. అయిపోయింది. రెండు రోజులుగా దుప్పట్లు గుట్టలు పడ్డాయి. ఇవాళ నుంచి మళ్ళీ కట్టెయ్యి. రేపట్నుంచి ఫోన్లు మాత్రం గేటు దగ్గర పెట్టి రావాలి, అందరూ."

ఆయన అరవలేదు, కసరలేదు. వాన వచ్చేలా ఉంది, కిటికీలు మూసెయ్యమన్నట్టుగా చెప్పాడు.

కిందికి వచ్చేసరికి రోలర్ అవతలి చివర ప్యాకింగు పిల్ల నిలబడి ఉంది. వదిన స్థానంలో ఆ పిల్లని వేశారు. మేకుకి వేలాడుతున్న వదిన తొడుగులు తొడుక్కుంటోంది. అవి ఆ పిల్ల వేళ్ళకి వదులు. చెవుల్లో పాటలు వినే గింజలున్నాయి. మొహం పాలిపోయింది.

"ఇది చాలా వేడిగా ఉంటుందా అక్కా?"

పెడలక్క చిరిగిన దుప్పటి ఒకటి అందుకుంది. అందులోంచి పేలిక చించింది. ఫోన్‌ని తడి దుప్పట్ల బండికి ఆనించి నిలబెట్టింది. అద్దంలో తన మొహం కనబడేదాకా సర్దింది. పగులు సరిగ్గా నుదుటి మీదుగా పోయింది. వేలితో నొక్కి, గార్డు పక్కకి వెళ్ళి నిలబడింది.

"ఇది గార్డు," అంది ఫోన్ వైపు చూస్తూ. రోజూ రోలర్ మీదికి అరిచే గొంతే వచ్చింది. "ఈ పేలికతో దీన్ని రోజూ కట్టింది నేను. ఇదిగో, ఇలాగ," అంటూ కమ్మీని పైకెత్తి కట్టి చూపించింది. "పదకొండేళ్ళుగా నేనే. వదిన ఒక్కనాడూ ముట్టుకోలేదు. ఇవాళ మళ్ళీ కట్టమన్నారు, పైనుంచి. కట్టను."

ముడి విప్పేసింది. పేలిక నేల మీద పడేసింది.

గ్రూపులో పెట్టి, కింద ఒక్కొక్క అక్షరం వెతుక్కుంటూ రాసింది. 'చూసినవాళ్ళు చూశామని ఒక్క మాట అనండి.'

షెడ్డులో ఒకదాని వెనక ఒకటి ఫోన్లు మోగాయి. పిండేచోట, ఆరబెట్టేచోట, వెనక మడతల దగ్గర. తలలు వంగాయి. పెడలక్క అందరినీ చూసింది. ఎవరూ నవ్వలేదు. ఎవరూ తల ఎత్తలేదు. గీతలు నీలంగా మారాయి. పద్దెనిమిది మందీ చూశారు.

ఎవరు చేరవేశారో, పైన అద్దాల వెనక కుర్చీ వెనక్కి జరిగింది. ప్యాకింగు పిల్ల ఫోన్ మోగింది. చెవిలో గింజ నొక్కి విన్నది. "సరే సార్... ఇప్పుడే సార్..." అంది. పెడలక్కని చూడకుండా బొటనవేలితో ఏదో నొక్కింది. పెడలక్క ఫోన్‌లో ఒక చిన్న అక్షరాల ముక్క వచ్చింది. మిమ్మల్ని గ్రూపు నుంచి తొలగించారు.

వారం రోజులుగా ఆవిడ దేనికి భయపడిందో అది జరిగిపోయింది. అయినా కాళ్ళ కింద నేల నేలలాగే ఉంది. ఇంక తరవాత ఏం జరుగుతుందో కూడా తెలుసు, వదిన సంచీ తీసుకున్న మేకు పక్కనే తన మేకూ ఉంది. భయం లేదని కాదు, ఉంది. దానితో పాటు మనసు తేలికపడింది కూడా.

ఫోన్ జేబులో పెట్టింది. పెడల్ మీద కాలు ఆనించింది. దుప్పటి ఒక కొస తను పట్టుకుని, రెండో కొస అటు విసిరింది. ప్యాకింగు పిల్ల అందుకుంది. అంచు రోలర్ కిందికి సర్దింది, వేళ్ళు ఇంకా అక్కడే ఉన్నాయి.

"తొక్కనా?" అరిచింది పెడలక్క.

జవాబు లేదు. పెడలక్క కాలు కదపలేదు.

"చెవుల్లోవి తీసెయ్యి. నేను తొక్కనా అంటాను. నీ చేతులు బయట ఉంటేనే నువ్వు తొక్కు అనాలి. నువ్వు అనేదాకా నేను తొక్కను."

ప్యాకింగు పిల్ల గింజలు తీసి జేబులో వేసుకుంది. కిందికి దించి ఉన్న కమ్మీని చూసింది. "గార్డు ఉంది కదక్కా, ఇంకా అడగడం ఎందుకు?"

"ఇది ఎంతసేపు ఉంటుందనుకుంటున్నావు?"

మేడ మెట్ల మీద బూట్ల చప్పుడు మొదలైంది. మడమలు ఆనకుండా నడిచే నడక, తొందరగా వస్తోంది. పిల్ల మెట్ల వైపు చూసింది, నేల మీద పడి ఉన్న పేలిక వైపు చూసింది, చేతులకున్న వదిన తొడుగుల వైపు చూసింది. చూపు పెడలక్క మొహం మీదికి వచ్చేసరికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

"అక్కా, రేపు నువ్వు ఉండవు కదా," అంది, రోలర్ చప్పుడులో వినబడీ వినబడకుండా. "రేపట్నుంచి నన్నెవరు అడుగుతారు?"

బూట్ల చప్పుడు చివరి మెట్టు దాకా వచ్చింది.

"తొక్కనా?" అని అడిగింది పెడలక్క.